పుర్రచెయ్యి

మా చేలో రెండు నిలువుల కింద బూడిదుంటాది.
తెల్లది. పిండి గాదు, సున్నం గాదు,
నాలిక మీదేసుకుంటే పండ్ల మధ్య కిర్రుమంటాది.
ఊర్లో అందరం దాంతోనే బోకులు తోముకుంటాం.
బడేసాబు లారీకెత్తి
తోమేపొడి ఫ్యాక్టరీకి తోలుతాడు, టన్నుకింతని.
ఎవురి పొయ్యిలోదో ఆ బూడిదని
ఎవురూ అడగలే.

పూనా మేడమ్ వచ్చీరాని తెలుగులో చెప్పె:
సముద్రాలకవతల యాడనో ఒక కొండ పగిలి
డెబ్బై వేల ఏండ్లకు పైమాటే,
గాలెంబడి వచ్చి రాలిందంట
ఈ జుర్రేరు వాగు గట్టున.
మా జేజి మద్దమ్మ జల్లెడ ఆడిస్తానే
"అప్పుడు ఈడ ఎవురన్నా ఉండిరా?" అనె.
మేడమ్ నవ్వలే.
"అది తెలుసుకోడానికే గదమ్మా నీకు కూలి."

పది తప్పినదాన్ని, చీటీలు రాసేది నా పని.
గుంత నంబరు, లోతు, తేదీ.
ఎవురిది అనే గడి ఆ చీటీలో లేదు.

మేడమ్‌కు కావాల్సింది పుర్రె.
పుర్రె గాకుంటే పన్ను, పన్ను గాకుంటే
చిటికెనేలి ఎముక ముక్కైనా.
ఈ మన్ను ఎముకను మిగల్చదని తనే చెప్తాది,
మళ్లా తనే మోకాళ్ల మీద వంగి
బ్రష్షుతో ఊడుస్తాది,
నిద్రపోయే బిడ్డ మొగం తుడిచినట్ల.

సాయంత్రమైతే గుంత చుట్టూ ఊరు నిలబడేది.
భీముడు ఆడుకున్న రాళ్లని ఒకడు.
మావోళ్లు కాశీ నుంచి వచ్చినారని ఒకడు,
మావోళ్లు హంపి కాడ్నుంచని ఇంకొకడు.
అప్పుడు తట్టింది నాకు,
ప్రతి ఇంటిపేరుకూ యాడ్నుంచో వచ్చిన కత ఉంది,
మేం ఈడనే ఉన్నోళ్లమని
చెప్పుకునే ఇల్లు ఒక్కటీ లేదు.

జేజిది పుర్రచెయ్యి.
చిన్నప్పుడు వాళ్లమ్మ బువ్వ తినేటప్పుడు
దాన్ని గుడ్డతో నడుముకు కట్టేసేదంట.
కాపురానికొచ్చినంక అత్త గరిటె కాల్చి పెట్టిన వాత
మణికట్టు మీద ఇప్పటికీ ఉంది, ఆకు మాదిరి.
విత్తనం ఎయ్యనీరు. కుంకుమ ఇయ్యనీరు.
తోమేది మాత్రం ఆ చేత్తోనే.
బోకులకు పట్టింపు లేదు.

బూడిద దాటి ఇంకో మూర కిందికి పోయినంక
జల్లెట్లో నిలిచిందొక రాయి,
సగం అరచేయంత, బెల్లం రంగుది.
మేడమ్ శిష్యుడు పట్టుకుని చూసె, బొటనేలు జారె.
ఇంకో పిల్ల చూసె, అంచు గుచ్చుకునె.
"ఇటు తేండి" అని జేజి తీసుకునె.
ఏ చెయ్యి చాపిందో తనకూ తెలీదు.

కూర్చునింది.
రాయి చేతిలో కూర్చునిందో
చెయ్యి రాయిలో కూర్చునిందో.
ఊరికే, జల్లెడ చెక్కను ఒకసారి గీకె.
పేడు లేచె.

గుంతలో ఎవురూ మాట్లాడలే.
"మళ్లీ చెయ్యమ్మా" అనె మేడమ్.
మళ్లా చేసె. మళ్లా లేచె.
ఒక్క రాయితో ఏమీ చెప్పలేమని
మేడమ్ మూడుసార్లు అనె, మాకు గాదు, తనకు తానే.
పుస్తకంలో పొద్దు వాలేదంకా రాసుకునె.
"పుర్రె కోసం తవ్వితే పుర్రచెయ్యి దొరికెనే!"
అని బడేసాబు లారీ మీద నుంచి అరిచె.
జేజికి మాత్రం నవ్వు రాలే,
వేళ్లు ఇప్పబుద్ధి కాలే.

సంచిలో ఏసి మూతి కట్టేటప్పుడు
"నా చేతిదని రాయ్‌మే" అనె, మెల్లగ.
గడి లేదు జేజీ అన్నా.
చీటీ ఎనకాల పెన్సిల్‌తో ఏదో గీకినా.
పూనాలో ఎవురన్నా తిప్పి చూసినారో లేదో.

ఆ రాత్రి వాకిలి తీసే ఉంది,
ఎదురింటోళ్లు అరుగు మీదనే ఉండారు.
జేజి కంచం ముందర కూర్చోని
జొన్నరొట్టె పుర్రచేత్తో తుంచె.
మా నాయన చూసె.
ఊరిమిండి ఇంకొంచెం ఏసె.